సుబ్బరాయుడు గారి జైలు జీవితం

మా సుబ్బరాయుడు గారి పేరుకు ముందు ఇప్పుడు ‘దేశభక్త’ అని వేస్తున్నారు. గోడల మీద, కరపత్రాల మీద, మొన్న కొత్తగా తవ్వించిన బావి దగ్గర పాతిన రాతి మీద కూడా. ఆ మాట కంటబడినప్పుడల్లా నాకు రోత పుడుతుంది. ఆయన గారి దేశభక్తికి మొదటి ఉత్తరం రాసిపెట్టింది నేనే కాబట్టి, ఆ రోతలో కొంత నా మీద నాకే.

నా పేరు జీవానందం. మదనపల్లెలో ఒక మిషన్ బళ్ళో ఇంగ్లీషు చెప్తాను. ఇంగ్లీషులో అర్జీ కావలసిన వాళ్ళు సాయంత్రం పూట మా ఇంటి అరుగు మీదకొచ్చి కూర్చుంటారు. నేను కాదనను. సుబ్బరాయుడూ అట్లాగే వచ్చేవాడు, కాకపోతే అరుగు మీద కాదు, లోపల కుర్చీలో కూర్చునేవాడు.

జిల్లా బోర్డులో మెంబరుగా ఉన్న రోజుల్లో ఆయన భక్తి వేరే దిక్కున ఉండేది. కలెక్టరు దొరసాని హార్స్‌లీ హిల్స్ మీద వేసవి మకాం పెడితే, డోలీ బోయీలను కుదిర్చింది ఈయన. కొండ మీదికి కోడిగుడ్లు పంపింది ఈయన. దొరసాని కుక్కకు జబ్బు చేస్తే పశువుల డాక్టరును వెంటబెట్టుకుని రొప్పుతూ కొండెక్కిందీ ఈయనే. యుద్ధం మొదలవగానే ఊరూరా తిరిగి వార్ ఫండుకు చందాలు వసూలు చేసి, కలెక్టరిచ్చిన సర్టిఫికెట్టుకు అద్దం కట్టించి హాల్లో తగిలించుకున్నాడు. పందొమ్మిది వందల నలభైలో, ఏడాది చివర్లో, గాలి మళ్ళింది. తెల్లవాడు ఇంక ఎన్నాళ్ళో ఉండడని, జైలుకు పోయొచ్చిన వాళ్ళకే రేపు సీట్లని ఎవరో చెవిన వేశారు. తర్వాతి వారం నేను వాళ్ళింటికి పోతే అదే మేకుకు గాంధీగారి పటం వేలాడుతోంది.

ఆ రోజుల్లో సత్యాగ్రహానికి ఒక పద్ధతి ఉండేది. గుంపుగా కాదు, ఒక్కొక్కరే చేయాలి. ఫలానా తేదీన, ఫలానా చోట, యుద్ధానికి వ్యతిరేకంగా నినాదాలిస్తానని ముందుగానే కలెక్టరుకు ఉత్తరం రాయాలి. పోలీసులు వచ్చి పట్టుకుపోతారు. ఎవరు పడితే వాళ్ళు పోవడానికీ లేదు. రోజూ నూలు వడికే మనిషై ఉండాలి, వడికిన నూలు కమిటీకి చూపించాలి, అప్పుడు పైవాళ్ళు పేరు ఒప్పుకుంటారు. సుబ్బరాయుడు రాట్నం ముందు కూర్చుంటే పొట్ట అడ్డం వచ్చేది. రెండు రోజులు తంటాలు పడి, తెగిన పోగు ముడి వేయడం చేతగాక, చివరికి రాట్నాన్ని బూతులు తిట్టాడు.

అప్పుడు ఆయనకు మల్లప్ప గుర్తొచ్చాడు. మల్లప్పది కురబలకోట. ఊళ్ళోవాళ్ళ గొర్రెలు మేపేవాడు. గొర్రెల వెనక నడుస్తూ చేతిలో కదురు తిప్పుతూ ఉన్ని వడకడం వాళ్ళ ఇళ్ళల్లో మాటలు నేర్చినప్పటి నుంచే వస్తుంది. అట్లాంటి వాడి చేతికి పత్తి ఏకులు ఇస్తే చెప్పేదేముంది, నెల తిరిగే లోపల ముప్పై చిలపల నూలు సన్నగా, సమంగా తయారైంది.

"నువ్వు వడికితే ఏమప్పా, నేను వడికితే ఏమి? దారం దారమే గదా," అన్నాడు సుబ్బరాయుడు, నా ముందే. మల్లప్ప నవ్వాడు. గాంధీ పని అన్నారు, చేశాడు. ఆ నూలు సుబ్బరాయుడి పేరుతో కమిటీకి పోయింది. పేరు ఖాయమైంది.

ఉత్తరం రాయించుకోవడానికి వచ్చినప్పుడు, కింద ‘మీ అత్యంత విధేయుడైన సేవకుడు’ అని పెట్టమన్నాడు.

"సర్కారును ఎదిరిస్తామని రాసే ఉత్తరానికి అది బాగుండదండీ," అన్నాను.

"పెట్టు జీవానందం. అలవాటైపోయింది, లేకుంటే ఏదో బోసిగా ఉంటాది."

పెట్టాను.

నలభై ఒకటి ఫిబ్రవరిలో, మదనపల్లె బజారులో, చెప్పిన గంటకు ఆయన నిలబడి అరిచాడు. మెడలో దండ, నుదుట కుంకం, ఇంట్లో ఆడవాళ్ళ ఏడుపు, అన్నీ అయినాయి. హెడ్ కానిస్టేబులు ఒకడు వచ్చి చివరిదాకా విని, ఆవులించి, టీ తాగడానికి పోయాడు. చిన్నాచితకా వాళ్ళను పట్టించుకోవద్దని పైనుంచి చెప్పారట. ‘చిన్నాచితకా’ అన్న మాట సుబ్బరాయుడి చెవిన పడకుండా ఉంటే బాగుండేది. పడింది. ఆ రాత్రి అన్నం తినలేదని చెప్పుకున్నారు.

పట్టుకోకపోతే ఏం చేయాలో కూడా రూలు ఉంది. ఊరూరా నినాదాలిస్తూ ఢిల్లీ వైపు నడవాలి. ఢిల్లీ ఉత్తరాన ఉంది. సుబ్బరాయుడు దక్షిణాన కుప్పానికి బయలుదేరాడు. ఎందుకండీ అంటే, "కుప్పంలో రైలుండాది. ఆ రైలు పట్టాల మీదనే గదప్పా ఢిల్లీకి పోయేది," అన్నాడు. అసలు సంగతి, కుప్పం అవతల, మైసూరు సరిహద్దు దాటగానే ఆయన వదినగారి ఊరు.

నడక కూడా మల్లప్పే నడిచాడు, నెత్తిన పరుపు చుట్ట పెట్టుకుని. సుబ్బరాయుడు ఖాసిం జట్కాలో కూర్చున్నాడు. ఊరు కనబడగానే దిగి, మోకాళ్ళ దాకా దుమ్ము పూసుకుని, కుంటుతూ ఊళ్ళోకి నడిచేవాడు. పుంగనూరులో ఆ రోజు సంత. ఎస్సై మర్యాదగా కుర్చీ వేయించి, గొంతు ఎండుతుంది తాగండని మజ్జిగ తెప్పించాడు. ఏడాది కిందట ఇదే సంతలో వార్ ఫండు అడిగిన మనిషి మళ్ళీ వచ్చి యుద్ధం యుద్ధం అని అరుస్తుంటే జనం ఏమనుకుంటారు? ఇంకో విడత చందా కాబోలనుకుని ఇద్దరు ముసలివాళ్ళు అణా చొప్పున ఆయన చేతిలో పెట్టారు. ఆయన తీసుకుని జేబులో వేసుకున్నాడు.

కుప్పంలో జరిగింది నాకు తర్వాత ఖాసిం చెప్పాడు. అక్కడికి చిన్నస్వామి అని కొత్త ఎస్సై వచ్చాడు. సైన్యం రైళ్ళు పోయే దారి కాబట్టి అతను మెతకగా లేడు. వారం ముందే ఇద్దరిని పట్టుకున్నాడు, ఇద్దరికీ ఆరేసి నెలలు పడింది. సత్రంలో ఈ మాట వినగానే సుబ్బరాయుడికి విరేచనాలు పట్టుకున్నాయి. ఇన్నాళ్ళూ పట్టుకోలేదని ఏడ్చిన మనిషి, పట్టుకుంటారని తెలిసేసరికి గోడకు ఆనుకుని కూలబడ్డాడు. వెనక్కి పోతే నలుగురిలో తలెత్తుకోలేడు. ముందుకు పోతే జైలు. కాసేపటికి లేచి మల్లప్పను పిలిచాడు.

"నా సొక్కాయ ఏసుకో. టోపీ పెట్టుకో. పోయి స్టేషను ముందర అరుసు. పేరడిగితే నా పేరు సెప్పు."

"అబద్దం గదా సామీ?"

"నూలు నువ్వే వడికినావు. దావంతా నువ్వే నడిసినావు. మిగిలింది అరుపొకటే గదప్పా. మూడు దినాల్లో ఇడిపిస్తా. సొరాజ్యం వస్తానే నీకు ఐదెకరాలు నేల ఇప్పిస్తా. గాంధీ మీద ఒట్టు."

మల్లప్పకు నేలంటే ఏమిటో నాకు తెలుసు. వాడి తాత నుంచి సెంటు భూమి లేదు. గొర్రెలు తోలుకుని ఏ చేను గట్టెక్కినా ఎవరో ఒకరు కర్ర పట్టుకుని వచ్చేవారు. ఇది నాది, ఇక్కడి నుంచి నన్ను లెమ్మనడానికి లేదు అని చెప్పుకునే చోటు ఒకటి ఉండాలని వాడి ఆశ. పోయి అరిచాడు. ఎస్సై ఎన్నడూ సుబ్బరాయుడి మొహం చూడలేదు. చేతిలో ఉత్తరం నకలు ఉంది, ఒంటి మీద ఖద్దరు ఉంది, అడిగిన పేరు చెప్పాడు, రాసుకున్నారు. ఆరు నెలలు పడింది. వేలూరు జైలుకు పంపారు. సుబ్బరాయుడు అదే జట్కాలో సరిహద్దు దాటి వదినగారింటికి పోయాడు.

పేపర్లో మూడు లైన్లు పడ్డాయి, సుబ్బరాయుడు గారికి ఆరు నెలల జైలు అని. మా హెడ్మాస్టరు కూడా ‘ఎంత ధైర్యం’ అన్నాడు. నేను తలూపాను. అప్పటికి నాకూ తెలియదు.

మేలో మల్లప్ప భార్య బీరమ్మ మా అరుగు దగ్గరకొచ్చింది. మొగుణ్ణి జైల్లో వేశారని ఎవరో చెప్పారట, ఎక్కడో తెలియదు. ఆరేళ్ళ పిల్ల గౌరికి అమ్మవారు పోసి రెండు రోజుల కిందట చచ్చిపోయింది. ఆ సంగతి వాడికి రాయమంది. ఏడవలేదు, అలిసిపోయి ఉంది. సత్యాగ్రహులను వేలూరుకే పంపుతున్నారు, వీణ్ణీ సుబ్బరాయుడితో పాటే పట్టుకుని ఉంటారనుకుని, వేలూరు జైలు, ఖైదీ మల్లప్ప, కురబలకోట అని తెలుగులోనూ ఇంగ్లీషులోనూ అడ్రసు రాసి పంపాను. పది రోజులకు కవరు తిరిగొచ్చింది. మీద ఎర్ర సిరాతో ఇంగ్లీషులో రాసి ఉంది: ఈ పేరుగల ఖైదీ ఇక్కడ లేడు.

అప్పుడు పోయి ఖాసింను పట్టుకుంటే, వాడు ముందు ఒట్టు వేయించుకుని అంతా చెప్పాడు. ఇంకో కవరు తీసి సుబ్బరాయుడి పేరు రాస్తే ఉత్తరం మల్లప్పకు చేరేది. కవరు తీశాను కూడా. జైల్లో ఉత్తరాలు విప్పి చదువుతారు, మోసం బయటపడితే కలెక్టరుకు ఆ ఉత్తరం రాసిన చెయ్యి ఎవరిదని అడుగుతారు, ఉద్యోగం పోతుంది. ఇదంతా ఆలోచించి కవరు డ్రాయరులో పెట్టేశాను. బీరమ్మతో, పంపించానమ్మా అని చెప్పాను. సుబ్బరాయుణ్ణి తిట్టడానికి నాకు నోరు బాగానే ఉంది గానీ, ఆ రోజు నేను ఆయనకంటే ఏం ఎక్కువ వాణ్ణి కాదు.

ఆగస్టులో సుబ్బరాయుడు మదనపల్లెలో బస్సు దిగాడు. బ్యాండు, దండలు, ఊరేగింపు. ఆరు నెలలు వదినగారి చేతి వంట తిని బుగ్గలు నిండి ఉన్నాయి. దేశం కోసం తిన్న కూడు ఒంటికి పడుతుందని ఒక ప్లీడరు ఉపన్యాసంలో అన్నాడు, జనం చప్పట్లు కొట్టారు. అదే రోజు మల్లప్ప కాలినడకన కురబలకోట చేరాడు. మర్నాడు నా దగ్గరకొచ్చాడు.

"బిడ్డ పోయిందని జాబు రాయకపోతివే అయివారూ?"

డ్రాయరులోంచి తిరిగొచ్చిన కవరు తీసి ఇచ్చాను. మల్లప్ప జైల్లో తోటి ఖైదీల దగ్గర అక్షరాలు నేర్చుకున్నాడు. వేలు పెట్టి మెల్లగా కూడబలుక్కుని చదివాడు, "మ... ల్ల... ప్ప." వాడు తన పేరు తాను చదువుకోవడం అదే మొదటిసారి. ఎర్ర సిరా మాట నేను చదివి వినిపించాను. కవరు జేబులో పెట్టుకుని వెళ్ళిపోయాడు. రెండో కవరు సంగతి ఆ రోజు నేను చెప్పలేదు.

నలభై రెండులో దేశమంతా లేచినప్పుడు, జైల్లో చెడిన ఆరోగ్యం అని సుబ్బరాయుడు పడక దిగలేదు. నలభై ఆరు ఎన్నికల్లో మాత్రం దిగాడు. వేలూరులో మల్లప్ప పక్క మంచం మీద ఆరు నెలలు పడుకున్న పెద్దమనిషి ఒకాయన ప్రచారానికి వచ్చాడు. జైలు మిత్రుణ్ణి చూపిస్తామని సుబ్బరాయుణ్ణి ముందుకు తోశారు. ఆ పెద్దమనిషి ఒకసారి చూశాడు, రెండోసారి చూశాడు. వేదిక కింద వెయ్యి మంది ఉన్నారు. చేతులు చాచి గట్టిగా కావలించుకున్నాడు. సుబ్బరాయుడు గెలిచి మద్రాసు అసెంబ్లీకి పోయాడు. అక్కడ రెండేళ్ళలో ఒక్కసారి నోరు విప్పాడట, కిటికీ మూయమని.

స్వరాజ్యం వచ్చింది. జైలుకు పోయొచ్చిన వాళ్ళకు ప్రభుత్వం ఐదేసి ఎకరాలు ఇస్తుందని నలభై ఎనిమిదిలో చాటించారు. మల్లప్ప తలగుడ్డ ఉతుక్కుని ఎమ్మెల్యే ఇంటికి పోయాడు. నేనూ వెంట పోయాను.

"రికార్డులో నీ పేరు లేదు గదప్పా," అన్నాడు సుబ్బరాయుడు, ఎంతో నొచ్చుకుంటున్నట్టు. "లేని పేరుకు నేనెట్లా సంతకం పెట్టేది? తప్పు గదా?"

రికార్డులో ఏ పేరు ఉందో ఆ పేరుకే ఐదెకరాలు వచ్చాయి. రామసముద్రం దగ్గర, చెరువు కింద, ఏడాదికి రెండు పంటలు పండే మాగాణి. ఇప్పటికే ఎనభై ఎకరాలున్న మనిషి దానికి అర్జీ పెట్టుకున్నాడు, తీసుకున్నాడు. ఆ తర్వాత మల్లప్పకు కబురంపాడు, కావాలంటే ఆ నేల పాలుకు చేసుకోమని, పంటలో సగం తెచ్చి ఇమ్మని. ఎమ్మెల్యే గారికి పేదలంటే ఎంత దయ అని ఊళ్ళో చెప్పుకున్నారు. 

మల్లప్ప మూడు రోజులు ఆలోచించి నా దగ్గరకొచ్చాడు.

"అయివారూ, ఒక అర్జీ రాయల్ల. నేను దొంగ పేరు సెప్పి జైలుకు పోయినాను, నన్ను పట్టుకోండి అని."

"అది నేరం మల్లప్పా. ఏడాదో రెండేళ్ళో వేస్తారు."

"ఎయ్యనీ. శిక్ష ఏస్తే, ఆ పొద్దు జైల్లో ఉండింది నేనే అని సర్కారే రాసినట్టు గదా. నేల ఎట్లా ఇయ్యరో సూస్తాను."

వాడి లెక్కలో తప్పేమీ కనబడలేదు నాకు. బీరమ్మ వాకిట్లో నిలబడి ఉంది. వద్దంటుందేమోనని చూశాను.

"పో," అంది మొగుడితో. "ఈతూరి జాబు రాస్తే నీకు సేరతాది."

ఆ మాటతో నేను రెండో కవరు సంగతి ఇద్దరికీ చెప్పేశాను. మల్లప్ప కాగితం నా ముందుకు జరిపాడు. తిట్టి ఉంటే నయంగా ఉండేది. ఆ పూటే అర్జీ రాసి, కింద నా పేరు కూడా పెట్టి, మొదటి ఉత్తరం రాసింది నేనేనని ఒప్పుకున్నాను.

అర్జీ కింది నుంచి పైకి, పై నుంచి కిందికి తిరిగి, నాలుగు నెలలకు మేజిస్ట్రేటు ముందుకొచ్చింది. ఖాసింను సాక్షిగా పిలిచాము. వాడు జట్కా అమ్మేసి, ఎమ్మెల్యే ఇప్పించిన పర్మిట్టు మీద కిరసనాయిలు అంగడి పెట్టుకున్నాడు. "నాకు ఐదుగురు పిల్లలు సారూ," అని ముందు రోజే వచ్చి నా చేతులు పట్టుకున్నాడు. బోనులో, ఏమీ జ్ఞాపకం లేదన్నాడు.

సుబ్బరాయుడు కారు దిగి కోర్టులోకి వస్తుంటే ప్లీడర్లు లేచి నిలబడ్డారు. దేవుడి ఎదుట ప్రమాణం చేశాడు. వేలూరు జైలు గోడల చెమ్మ గురించి, నల్లుల గురించి చెప్పాడు. రోజూ ఏం చేసేవారని అడిగితే, "నూలు వడికేవాణ్ణి," అని కళ్ళు తుడుచుకున్నాడు. అది నిజం కన్నీరేనని నేను చెప్పగలను. చెప్పి చెప్పి అప్పటికి ఆయనే నమ్మేశాడు.

వేదిక మీద కావలించుకున్న ఆ పెద్దమనిషి సాక్ష్యానికి రానన్నాడు. నా దగ్గర మిగిలిన ఒక్క ఆధారం ఆ కవరు. మల్లప్ప ఏడేళ్ళు దాచుకున్నాడు. బోనులో నిలబడి దాన్ని చూపించాను. ఎమ్మెల్యే గారి ప్లీడరు అందుకుని, వెలుతురుకు పెట్టి, గట్టిగా చదివాడు: ఈ పేరుగల ఖైదీ ఇక్కడ లేడు.

"మేము చెప్పేదీ అదే కదండీ," అన్నాడు. కోర్టంతా నవ్వింది. ఆ తెలివి నాకు లేకపోయింది. ముప్పై ఏళ్ళు పిల్లలకు చదువు చెప్పినవాణ్ణి, ఆ కాగితం ఎవరి నోట ఎట్లా పలుకుతుందో ఒక్కసారి కూడా ఆలోచించలేదు.

మేజిస్ట్రేటు రికార్డు తెప్పించి చూశాడు. జైల్లో ఉన్నది సుబ్బరాయుడు. మల్లప్ప అనేవాడు లేడు. కాబట్టి మల్లప్ప ఏ నేరమూ చేయలేదు. తప్పుడు అర్జీ పెట్టినందుకు మా ఇద్దరినీ ఏం చేయాలా అని ఆయన అంటుండగా సుబ్బరాయుడు చేతులు జోడించి లేచాడు. "అమాయకుడు, భూమి మీద ఆశ కొద్దీ ఎవరో ఎక్కిస్తే ఎక్కాడు, మన్నించండి," అని నావైపు చూశాడు. వెనక బెంచీల్లో చప్పట్లు మోగాయి. మేజిస్ట్రేటు కూడా మెచ్చుకున్నట్టు తలూపి, నిన్ను వదిలేశాను పొమ్మన్నాడు మల్లప్పతో.

మల్లప్ప బోను దిగలేదు.

"నేను సేసినాను సామీ. శిక్ష ఎయ్యండి."

"నీ మీద ఏమీ లేదయ్యా. పో."

"ఉండాది సామీ. బిడ్డ మీద ఒట్టు. ఎయ్యండి."

బంట్రోతు రెక్క పట్టుకుని దించాడు. బయట వేపచెట్టు కింద సుబ్బరాయుడి కారు చుట్టూ జనం మూగి ఉన్నారు. ఆయన మమ్మల్ని చూసి, రామసముద్రం నేల పదునుగా ఉంది, వచ్చి దున్నుకోమని కేకేశాడు. మల్లప్ప అటు తిరగలేదు. తీర్పు కాగితం ఎక్కడ ఉంచుతారని నన్ను అడిగాడు. కోర్టులోనే, ఎప్పటికీ ఉంటుందన్నాను.

"దాంట్లో నా పేరుండాదా?"

"ఉంది."

"ఏమని రాసినారు?"

వాడితో మళ్ళీ అబద్ధం చెప్పలేకపోయాను. "కురబలకోట మల్లప్ప ఎప్పుడూ జైల్లో లేడు అని."

మల్లప్ప తలగుడ్డ విప్పి మొహం తుడుచుకున్నాడు. 

"అట్లయితే ఆ ఆరు నెలలు నేను యాడుంటి అయివారూ?" అన్నాడు. "నా బిడ్డ కాడ గూడా లేకపోతినే."